చీలని ఓటు

2024 జూన్ 7, శుక్రవారం. ఐర్లండ్‌లో మేముండే నవన్ ఊళ్ళో, మా పిల్లలు చదివే బడే ఆ రోజు పోలింగ్ కేంద్రం. లోపల బల్ల మీద దారం కట్టిన పెన్సిలు. నా చేతికి రెండు కాగితాలిచ్చారు. ఒకటి కౌంటీ కౌన్సిల్‌ది. రెండోది యూరోపియన్ పార్లమెంటుది, మడత విప్పితే రెండడుగులు దాటింది. 27 మంది అభ్యర్థులు, వాళ్ళ ఫోటోలు, పార్టీల గుర్తులు, పక్కన ఖాళీ గడులు. ఐర్లండ్ పౌరసత్వం వచ్చాక యూరప్ పార్లమెంటుకు నేను వేసిన మొదటి ఓటు అది.

సరిగ్గా ఆ రోజే నల్గొండ దగ్గర దుప్పలపల్లి గోదాముల్లో ఖమ్మం–వరంగల్–నల్గొండ పట్టభద్రుల ఎమ్మెల్సీ ఉపఎన్నిక లెక్కింపు మూడో రోజు నడుస్తోంది. అక్కడ 52 మంది అభ్యర్థులు. మిర్యాలగూడలో మా నాన్న టీవీ ముందు నుంచి లేవడం లేదు. ఫోన్ చేస్తే, "మొదటి ప్రాధాన్యతల ఎవ్వరికీ సగం రాలె బిడ్డా. ఇగ ఎలిమినేషన్ల మీదనే తేలుతది" అన్నాడు. నేను నా బ్యాలెట్ సంగతి చెప్పాను. కాసేపు విని, "మీ దగ్గర ఎంపీలకు గూడ ఒకటి, రెండు, మూడు అని అంకెలే ఏస్తరా?" అని అడిగాడు.

అవును నాన్నా, ఎంపీలకు కూడా. ఆయన గొంతులో ఆ రోజు వినిపించిన ఆశ్చర్యం నన్ను ఇప్పటికీ వదల్లేదు.

ఎందుకో చెప్పాలంటే మా నాన్న గురించి కొంచెం చెప్పాలి. రిటైర్డ్ టీచరు. చిన్నప్పటి నుంచి ఎర్రజెండా మనిషి. మిర్యాలగూడలో ఎర్రజెండా చివరిసారి గెలిచింది 2009లో. ఆ తర్వాత ప్రతి అసెంబ్లీ ఎన్నికకూ ఇంటికొచ్చిన బంధువులు, పాత విద్యార్థులు ఒకటే మాట: "గెలవనోళ్ళకు ఓటేసి ఎందుకు సార్ ఖరాబు చేసుకుంటరు?" నాన్న కొన్నిసార్లు విన్నాడు, కొన్నిసార్లు వినలేదు. విన్నప్పుడు మనసుకు నచ్చని వాళ్ళకు ఓటేసి వచ్చి ఆ పూట ఎవరితోనూ మాట్లాడేవాడు కాదు. విననప్పుడు, తన ఓటు వల్ల తనకు అస్సలు గిట్టని మనిషి గెలిచాడేమోనని బాధపడేవాడు. ఇష్టం వరసలో అంకెలు వేసే, ఆరేళ్ళకోసారి వచ్చే పట్టభద్రుల ఎన్నికకు మాత్రం ఉత్సాహంగా వెళ్ళేవాడు. ఒకటో అంకె మనసుకు, రెండో అంకె లోకానికి అనేవాడు.

నేను చెప్పదలచుకున్నది ఒక్కటే. మనసుకూ లోకానికీ మధ్య ఒకదాన్ని చంపుకోకుండా ఓటేసే హక్కు పట్టభద్రులు, ఎమ్మెల్యేలు లాంటి కొందరికే ఎందుకుండాలి? ఐర్లండ్‌లో ఆ హక్కు ఓటరు జాబితాలో పేరున్న అందరికీ ఉంది. అది దగ్గరుండి చూశాక, మన దగ్గర ఓటు చీలుతుందన్న భయం ప్రజాస్వామ్యంతో పాటు తప్పనిసరిగా వచ్చేది కాదని, మనం ఎంచుకున్న లెక్క నుంచి వచ్చిందని నాకు గట్టిగా అర్థమైంది.

యూరోపియన్ పార్లమెంటులో 2024 ఎన్నిక నాటికి 720 సీట్లు. 27 దేశాలు ఎవరి సభ్యులను వారు ఎన్నుకుంటాయి. వచ్చిన ఓట్ల నిష్పత్తిలో సీట్లు దక్కే దామాషా పద్ధతిలోనే ఎన్నుకోవాలన్నది అన్ని దేశాలకూ ఉమ్మడి నిబంధన. చాలా దేశాలు పార్టీల జాబితాలతో ఆ పని కానిస్తాయి. ఐర్లండ్, మాల్టా మాత్రం ఓటు బదిలీ పద్ధతి పాటిస్తాయి. మన రాజ్యసభ ఎన్నికల్లో ఎమ్మెల్యేలు వేసేది ఇదే రకం ఓటు. ఐర్లండ్‌కు 14 సీట్లు. డబ్లిన్‌కు 4, దక్షిణ ఐర్లండ్‌కు 5, మాది మిడ్‌లాండ్స్ నార్త్ వెస్ట్, దానికి 5. పేరుకు తగ్గట్టే దేశం నడుమ నుంచి వాయవ్య మూలన ఉన్న డోనెగాల్ దాకా పరుచుకున్న నియోజకవర్గం.

లెక్క వినడానికి కష్టంగా ఉంటుంది గానీ, మనవాళ్ళు చీటీల లెక్కలు కట్టే తెలివితో చూస్తే చాలా తేలిక. 5 సీట్లుంటే కోటా, అంటే గెలవడానికి కావాల్సిన ఓట్లు, చెల్లిన ఓట్లలో ఆరో వంతు కంటే ఒక్క ఓటు ఎక్కువ. ఆరో వంతు దాటి తెచ్చుకోగలిగేది ఐదుగురే, ఆరో మనిషికి ఆ చోటు మిగలదు. అందుకే ఆ అంకె. కోటా అందుకున్నవాళ్ళు గెలిచినట్టు. వాళ్ళకు కోటా మీద మిగిలిన ఓట్లు వృథా పోవు, ఆ కాగితాల మీద తర్వాతి అంకె ఎవరికుంటే వాళ్ళకు దామాషాలో పోతాయి. ఎవరూ కోటా అందుకోకపోతే అందరికంటే తక్కువ వచ్చినవాళ్ళను పక్కన పెట్టి, వాళ్ళ కాగితాలను తర్వాతి అంకె ప్రకారం మిగతావాళ్ళకు పంచుతారు. సీట్లు నిండేదాకా ఇలాగే. మన ఎమ్మెల్సీ ఎన్నికలో ఒకటే సీటు కాబట్టి కోటా సగం దాటాలి. తేడా అంతే.

2024లో దేశం మొత్తం మీద మొదటి రౌండులోనే కోటా దాటినది ఒక్కరు, దక్షిణ ఐర్లండ్‌లో షాన్ కెల్లీ. మా దగ్గర అందరికంటే ముందున్న ల్యూక్ మింగ్ ఫ్లానగన్‌కు కూడా మొదటి ప్రాధాన్యత ఓట్లు ఎనిమిదో వంతు కూడా రాలేదు. మన పద్ధతే ఉండి, మా ప్రాంతాన్ని ఒక్క సీటు చేసి ఉంటే ఆ కొద్దిపాటి ఓట్లతోనే ఆయన ఈ ప్రాంతమంతటికీ ప్రతినిధి అయ్యేవారు, మిగతా అందరి ఓట్లూ ఆ సాయంత్రమే చిత్తుకాగితాలయ్యేవి. అలా జరగలేదు. కాసల్‌బార్‌లోని ఒక థియేటరులో ఆదివారం మొదలైన లెక్క దాదాపు వారం సాగింది. నేను ఒకటో అంకె వేసిన మనిషి నడుమనే తప్పుకోవాల్సి వచ్చింది. రెండో మనిషీ అంతే. ప్రతి రౌండు తర్వాత ప్రకటించే పట్టిక చూస్తే ఎవరు ఎప్పుడు తప్పుకున్నారో తెలుస్తుంది, నా కాగితం ఏ కట్టలోంచి ఏ కట్టలోకి వెళ్ళి ఉంటుందో ఊహించుకోవచ్చు. చివరికి అది గెలిచిన ఐదుగురిలో ఒకరి కట్టలో ఆగింది. ఆ మనిషి నా మూడో ఎంపిక. నా ఓటు పనికొచ్చింది. పనికిరావడం కోసం నేను మనసు చంపుకోలేదు.

ఈ పద్ధతి విలువ నాకు నిజంగా తెలిసింది మాత్రం లెక్కింపులో కాదు. అంతకు మూడు వారాల ముందు, మా ఇంటి గుమ్మం దగ్గర.

వాన పడుతున్న సాయంత్రం ఒక పార్టీ కార్యకర్తలు ఇద్దరొచ్చారు. ఒకావిడ చేతిలో కరపత్రాలు. నేను మర్యాదగానే, నా ఓటు వేరేవారికని చెప్పేశాను. మన ఊళ్ళోనైతే మాట అక్కడితో అయిపోతుంది. "ఆ ఇల్లు మనది కాదు" అని చెప్పుకుని ముందుకు పోతారు. ఆ తర్వాత అయిదేళ్ళు ఆ ఇంటి ముందు వీధి దీపం వెలగకపోయినా ఆశ్చర్యపడం. ఆవిడ వెళ్ళలేదు. "నంబర్ వన్ వాళ్ళకే ఇవ్వండి, మంచిది. మరి నంబర్ టూ?" అని అడిగింది. రెండు గానీ మూడు గానీ ఇవ్వాలంటే తమ అభ్యర్థి దగ్గర మీకు నచ్చాల్సింది ఏమిటని అడిగింది. పావుగంట నిలబడి, ఇక్కడికి వలస వచ్చినవాళ్ళ కుటుంబాలు కలిసి ఉండే విషయంలో నాకున్న బెంగ విన్నది. జవాబు నాకు పూర్తిగా నచ్చలేదు. నాలుగో అంకె ఇచ్చాను.

రంగు వేరు, యాస వేరు, ఈ ఊళ్ళో మాలాంటి ఇళ్ళు వేళ్ళ మీద లెక్కపెట్టొచ్చు. మాకు మేముగా ఎవరినీ గెలిపించలేం. అయినా మమ్మల్ని వదిలేసి పోవడం ఏ పార్టీకీ లాభం కాదు. చివరి సీటు ఎప్పుడూ ఎవరి రెండో, మూడో, ఏడో అంకెతోనో తేలుతుంది. తన మనుషులు కానివాళ్ళను తిట్టి గెలవడం ఈ లెక్కలో కష్టం. తిట్టించుకున్నవాళ్ళు ఒకటో అంకె ఎలాగూ ఇవ్వరు, ఇక ఏ అంకే ఇవ్వరు. ఇది ఐరిష్ వాళ్ళ మంచితనమని నేననను. వాళ్ళలోనూ ద్వేషం రెచ్చగొట్టేవాళ్ళున్నారు, ఆ ఎన్నికలో బ్యాలెట్ మీదా ఉన్నారు. వాళ్ళలో చాలామంది ఓడిపోవడానికి ఒక కారణం, ఒకటో అంకెలు కొన్ని తెచ్చుకున్నా ఇతరుల నుంచి బదిలీలు రాకపోవడమేనని నా నమ్మకం.

ఇందులో లోపాలు లేవని చెబితే అబద్ధమవుతుంది. ఒకే పార్టీ ఎక్కువ మందిని నిలబెడితే ఇక్కడ కూడా దెబ్బ తినొచ్చు. మా దగ్గర ఫియన్నా ఫాయిల్ ముగ్గురిని నిలబెట్టి ఒక్కరిని గెలిపించుకుంది. షిన్ ఫేన్ ఇద్దరిని నిలబెట్టి ఇద్దరినీ పోగొట్టుకుంది. ఫినే గేల్ ఇద్దరూ గెలిచారు. అంటే ఓటరు తన అంకెలను పార్టీ గీత దాటించి ఎటైనా తీసుకెళ్ళవచ్చు, ఇష్టమైనచోట ఆపేయవచ్చు. ఆ నిర్ణయం ఓటరు చేతిలో ఉంది కాబట్టి దాన్ని నేను లోపం కింద రాసుకోను. అసలు లోపం వేరే ఉంది. నియోజకవర్గాలు మరీ పెద్దవి. ఎంపీ ముఖం టీవీలో తప్ప కనపడదు. ప్రచారమంతా ఇంటి అద్దెలు, వలసలు, డబ్లిన్ ప్రభుత్వం మీద కోపం చుట్టే తిరిగింది. గెలిచిన 14 మందిలో ఆరుగురు ఉదారవాదుల రెన్యూ కూటమిలో, నలుగురు మితవాదుల ఈపీపీలో, ముగ్గురు వామపక్షాల లెఫ్ట్‌లో, ఒకరు సోషలిస్టులలో కూర్చున్నారు. ఎవరు ఏ కూటమిలో కూర్చుంటారో పోలింగ్‌కు ముందు మా వీధిలో ఒక్కరు కూడా అడగలేదు. యూరప్ పార్లమెంటు కూర్చునే స్ట్రాస్‌బర్గ్‌లో ఓట్లు పడేది ఆ కూటముల లెక్కనే. 2024 ఫిబ్రవరిలో ప్రకృతి పునరుద్ధరణ చట్టం 329–275తో గట్టెక్కింది. ఆవులు, పచ్చిక, పీట్ అనే చిత్తడి నేలల మీద బతికే మా మీత్ కౌంటీ రైతులకు అంతకంటే దగ్గరి విషయం ఏముంటుంది? సగం మంది ఓటర్లు ఇళ్ళల్లోంచి కదల్లేదు.

ఇంకో విషయం కూడా నన్ను బాధ పెడుతుంది. మా పక్క వీధిలో ఉండే తెలుగు జంట ఆ రోజు మాతోనే పోలింగ్‌కు వచ్చారు. ఇక్కడ పనిచేస్తూ, పన్ను కడుతూ నాలుగేళ్ళు దాటింది వాళ్ళకు. స్థానిక ఎన్నికల్లో ఓటేయడానికి ఐర్లండ్‌లో పౌరసత్వం అక్కర్లేదు, ఇక్కడ నివాసముంటే చాలు. ఇది చాలా గొప్ప సంగతి. యూరప్ ఎన్నికకు మాత్రం ఐరిష్ పౌరులో, యూరోపియన్ యూనియన్ దేశాల పౌరులో అయి ఉండాలి. వాళ్ళ చేతికి చిన్న కాగితం ఒక్కటే వచ్చింది. వలసల మీద ఉమ్మడి ఒప్పందానికి ఓటేసే సభ ఎన్నికలో, ఆ ఒప్పందాల కింద బతికే వలస మనిషికి మాట లేదు. ఆ హక్కు కోసం నేను భారత పౌరసత్వం వదులుకోవాల్సి వచ్చింది. పాస్‌పోర్టు అప్పగించిన రోజు ఇంటికొచ్చి ఏడ్చాను. అది వేరే కథ.

ఐర్లండ్ వాళ్ళు తమ సొంత పార్లమెంటుకు కూడా వాడే ఈ పద్ధతిని అడగకుండా వచ్చిన ఆస్తిలా అట్టిపెట్టుకోలేదు. ఎక్కువ ఓట్లు వచ్చినవాళ్ళే గెలిచే పద్ధతికి మారదామని ప్రభుత్వం రెండుసార్లు ప్రజల ముందుకు రెఫరెండం తెచ్చింది. 1959లో మొదటిసారి. అదే రోజు అధ్యక్ష ఎన్నిక కూడా. ప్రజలు అప్పటిదాకా ప్రధానిగా ఉన్న డి వాలెరాను అధ్యక్షుడిగా గెలిపించి, అదే చేత్తో ఆయన పార్టీ కోరిన మార్పును సుమారు 52 శాతంతో తిరస్కరించారు. 1968లో మళ్ళీ అడిగితే దాదాపు 61 శాతం వద్దన్నారు. నాయకుడు కావాలి, కానీ మా అంకెలు మా దగ్గరే ఉండాలి అని తేల్చి చెప్పిన ఆ ఓటర్ల మీద నాకు చాలా గౌరవం.

ఇప్పుడు మన లెక్క చూడండి. 2019 ఆంధ్రప్రదేశ్ అసెంబ్లీ ఎన్నికలో తెలుగుదేశానికి 39 శాతం ఓట్లు, 23 సీట్లు. 2024లో వైఎస్సార్సీపీకి అదే 39 శాతం, 11 సీట్లు. మొత్తం 175లో. 2023లో తెలంగాణలో కాంగ్రెస్‌కు కూడా 39 శాతమే, సీట్లు మాత్రం 119కి 64, ఏకంగా ప్రభుత్వం. 37 శాతం తెచ్చుకున్న బీఆర్‌ఎస్‌కు 39 సీట్లు. ఏ పార్టీ మీదా నాకిక్కడ ఫిర్యాదు లేదు, అందరూ ఒకే నిబంధన కింద ఆడారు. అదే 39 శాతం ఒకచోట సింహాసనం, ఇంకోచోట ప్రతిపక్ష హోదాకు కూడా చాలని సంఖ్య. నూటికి 39 మంది చెప్పిన మాట అసెంబ్లీలో అంత చిన్నగా వినిపించడం ఏ పార్టీ అభిమానికైనా తప్పే అనిపించాలి. వాళ్ళు మన ప్రత్యర్థులైనా సరే. "వ్యతిరేక ఓటు చీలకూడదు" అన్న ఒక్క మాట చుట్టూ మన పొత్తులన్నీ తిరగడానికి కారణం ఇదే.

నాన్నతో మాట్లాడుతూ ఉండగా నాకు తట్టిన విషయం ఒకటుంది. ఆంధ్రప్రదేశ్‌లో 25 లోక్‌సభ స్థానాలు, ఒక్కోదాని కింద 7 అసెంబ్లీ స్థానాలు. తెలంగాణలో 17, వాటి కిందా ఏడేసి. ఒక్క సరిహద్దు కూడా కొత్తగా గీయనక్కర్లేదు. లోక్‌సభ స్థానాన్నే ఒక నియోజకవర్గం చేసి, ఏడుగురు ఎమ్మెల్యేలను ఓటు బదిలీ పద్ధతిలో ఎన్నుకుంటే కోటా ఎనిమిదో వంతు, నూటికి 12.5. అప్పుడు 39 శాతం వచ్చిన పార్టీకి ఏడింట మూడు దక్కుతాయి. ప్రతి జిల్లాలో అధికార పక్షం వాళ్ళూ ఉంటారు, ప్రతిపక్షం వాళ్ళూ ఉంటారు. ఒకరు మాట వినకపోతే ఇంకొకరి గడప తొక్కొచ్చు. ఒకరికంటే ఎక్కువ మందిని ఎన్నుకోవడం మనకు తెలియని సంగతి కూడా కాదు. 1952లో రావి నారాయణరెడ్డి గారిని పార్లమెంటుకు పంపిన మా నల్గొండ ఇద్దరు సభ్యుల నియోజకవర్గమే.

దీనికి వచ్చే అభ్యంతరాలు నాకు తెలుసు. 1949లో రాజ్యాంగ సభలో దామాషా పద్ధతి ప్రస్తావన వచ్చినప్పుడు అంబేడ్కర్ కాదన్నారు. జనంలో అక్షరాస్యత తక్కువ, పైగా దేశానికి నిలకడైన ప్రభుత్వం కావాలి, ఇవీ ఆయన కారణాలు. ఆ రోజుకు ఆ భయం న్యాయమైనదే. ఈ రోజు ఫోన్‌లో డబ్బు పంపే ముసలమ్మకు ఒకటి, రెండు, మూడు రాయడం రాదని అంటే మాత్రం నేను ఒప్పుకోను. "మరి ఆ ఎమ్మెల్సీ ఎన్నికలో డిగ్రీ చదివినవాళ్ళవే పాతిక వేలకు పైగా ఓట్లు చెల్లలేదు కదా" అని అడుగుతారు. నిజమే, 3.36 లక్షల్లో అన్ని పోయాయి. నాన్న స్నేహితుడు ఒకాయన టిక్కు పెట్టి వచ్చాడట. మన నిబంధన ప్రకారం అంకె తప్ప ఏది పెట్టినా చెల్లదు, అదీ వాళ్ళిచ్చిన వయొలెట్ స్కెచ్ పెన్నుతోనే రాయాలి. ఐర్లండ్‌లో మొదటి ప్రాధాన్యత ఎవరికో స్పష్టంగా తెలిసేలా ఏ గుర్తు ఉన్నా లెక్కలోకి తీసుకునే వీలుంది. ఓటరు మనసు తెలుసుకోవడానికి లెక్కించేవాళ్ళు ప్రయత్నం చేస్తారు. మన దగ్గర ఓటరు చేసిన పొరపాటును వెతుకుతారు. అక్షరాస్యత కంటే ఇది పెద్ద తేడా అని నా అభిప్రాయం.

సంకీర్ణాలు వస్తాయంటారు. వస్తాయి. ఐర్లండ్‌లో దశాబ్దాల పాటు బద్ధశత్రువులుగా ఉన్న రెండు పార్టీలు 2020లో కలిసి ప్రభుత్వం పెట్టాయి, దేశం నడుస్తోంది. ఎన్నికలయ్యాక ఎమ్మెల్యేలను గంపగుత్తగా కండువాలు మార్పించుకుని మెజారిటీ పెంచుకోవడం కంటే, ఓటర్లు ఇచ్చిన లెక్క ప్రకారం ముందే కూర్చుని మాట్లాడుకోవడం నయం కాదా? లెక్కింపు ఆలస్యమవుతుంది, అది కూడా నిజం. అయిదేళ్ళ కోసం అయిదు రోజులు ఆగగలం. నాకు జవాబు సులువుగా దొరకని ప్రశ్న రిజర్వుడు స్థానాలది. ఏడింటిలో ఒకటో రెండో ఎస్సీ, ఎస్టీలకు ఉండి తీరాలి. ఎలిమినేషన్ చేస్తున్నప్పుడు ఆ వర్గాల అభ్యర్థులు ఉండాల్సిన సంఖ్య కంటే తగ్గకుండా నిలిపి ఉంచడం ఒక దారి. అది న్యాయంగా పనిచేస్తుందా లేదా అన్నది ఆ వర్గాల వాళ్ళే చెప్పాలి, నాలాంటి వాళ్ళు దూరం నుంచి తేల్చకూడదు.

మొన్న ఫోన్‌లో ఈ ఏడు సీట్ల సంగతి చెబితే నాన్న మొదట నవ్వాడు. తర్వాత "ఆగు" అని లేచి వెళ్ళి, పాత అటెండెన్స్ రిజిస్టరు ఏదో తెచ్చుకున్నట్టున్నాడు, కాగితాలు తిప్పుతున్న చప్పుడు వినపడింది. దేవరకొండ, నాగార్జునసాగర్, మిర్యాలగూడ, హుజూర్‌నగర్, కోదాడ, సూర్యాపేట, నల్గొండ. ఒక్కొక్క పేరూ పైకి చదువుతూ రాసుకున్నాడు. కిందటి ఎన్నికలో అక్కడ నిలబడ్డవాళ్ళ పేర్లు గుర్తున్నంత వరకు వరసగా వేశాడు. ఎర్రజెండా మనిషి పేరు దగ్గర ఆగి, ఏమీ అనకుండా, ఒకటి అని వేసుకున్నాడని పెన్ను చప్పుడును బట్టి నాకు తెలిసింది.

"మరి రెండు?" అని అడిగాను.

"జర సోచాయించనియ్యి బిడ్డా. రేపు చెప్తా" అన్నాడు.